హీరో డైలాగ్ చెప్తుంటే పక్కనున్నవాళ్లు ఏం చేస్తారు?

(హైదరాబాద్ చిక్కడపల్లిలో నటన నేర్చుకుంటున్న పిల్లల ముందు ఒక క్యారెక్టర్ నటి మాట్లాడిన మాటలు. రికార్డింగ్ విని రాసినది.)

అందరికీ నమస్కారం. వెనక వరసకి వినిపిస్తోందా? సరే.

నన్ను పిలిచినప్పుడు మీ కెరీర్ గురించి చెప్పండి మేడమ్ అన్నారు. అమ్మ, అత్త, పిన్ని, వదిన, హాస్టల్ వార్డెన్, మళ్లీ అమ్మ. ఇవన్నీ వరసగా చెప్పుకుంటూ పోతే మీకు పెద్దగా ఒరిగేదేమీ ఉండదు. అందుకని ఈ పని లోపల ఎలా ఉంటుందో, ఇందులో పెద్దవాళ్లనిపించుకున్నవాళ్లు ఏం చేసి ఆ పేరు తెచ్చుకున్నారో చెప్తాను. నేను నమ్మేది ఒకటే. సీన్‌లో మాట్లాడేవాడు ఒకడుంటాడు, వినేవాళ్లు నలుగురుంటారు. ఆ నలుగురూ నిజంగా వింటేనే అతను చెప్పేది జనం నమ్ముతారు. క్యారెక్టర్ ఆర్టిస్ట్‌కి ముందు రావాల్సింది వినడం, డైలాగ్ ఆ తర్వాత.

మాయాబజార్ చూడనివాళ్లు ఈ గదిలో ఉండరనుకుంటాను. 1957లో వచ్చిన సినిమా. ఘటోత్కచుడు శశిరేఖ రూపంలోకి మారాక సావిత్రి గారు చేసిన నటన గురించి అందరూ చెప్తారు, చెప్పాల్సిందే. కానీ ఇంటికెళ్లి ఇంకోసారి చూడండి. ఆ ఆడపిల్ల ఒంట్లో ఘటోత్కచుడున్నాడని మనకెలా తెలుస్తోంది? ఆ నడక వల్ల, ఆ తల విసురు వల్ల, ఆ చూపు వల్ల. ఆ నడకా ఆ విసురూ అంతకుముందే ఎస్వీ రంగారావు గారు మన కళ్లల్లో నాటేశారు కాబట్టి, సావిత్రి గారు అడుగు వేయగానే మనం పట్టేశాం. రంగారావు గారు తెర మీద లేని సీన్లని కూడా ఆయనే మోస్తున్నారు. ఆయన్ని అంత శ్రద్ధగా గమనించి ఒంటికి ఎక్కించుకోవడం సావిత్రి గారి గొప్పతనం. నటులు ఒకరినొకరు వినడం అంటే ఇదమ్మా, నాకు తెలిసినంతలో ఇంతకంటే మంచి ఉదాహరణ లేదు.

అప్పటికి రంగారావు గారి వయసు ముప్పై ఎనిమిది. పాతాళభైరవి మాంత్రికుడు అంతకు ఆరేళ్ల ముందే. 1963లో నర్తనశాలలో కీచకుడు వేస్తే, జకార్తాలో జరిగిన ఆఫ్రో-ఏషియన్ చిత్రోత్సవంలో ఉత్తమ నటుడి బహుమతి ఇచ్చారు, అదీ హీరో కాని పాత్రకి. యాభై ఆరేళ్లకే పోయారు, 1974లో. ఆయన వేసిన తాతల్నీ తండ్రుల్నీ తల్చుకుంటే ఎంత లేదన్నా ఎనభై ఏళ్లు బతికిన మనిషనిపిస్తుంది మనకి.

గుమ్మడి గారి సంగతి ఇంకా ఆశ్చర్యం. అదే మాయాబజార్లో ఆయన బలరాముడు, అంటే కృష్ణుడికి అన్న. కృష్ణుడు వేసిన రామారావు గారు పుట్టింది 1923లో, గుమ్మడి గారు పుట్టింది 1927లో. ముప్పై నిండని కుర్రాడు తనకంటే నాలుగేళ్లు పెద్దాయనకి అన్నగా నిలబడ్డాడు. తర్వాత 1962లో మహామంత్రి తిమ్మరుసు వచ్చింది. అక్కడ రాయలవారు రామారావు గారే, ఆయన నోటితో అప్పాజీ అని పిలిపించుకున్నది గుమ్మడి గారు. గడ్డం అంటిస్తే ముసలితనం రాదు. ఎదుటివాడు మాట్లాడుతుంటే ఆయన కనురెప్ప ఎంత నిదానంగా దిగుతుందో చూడండి, ఆ నిదానంలో ఉంది వయసంతా.

అదే 1962లో గుండమ్మ కథ. ఇద్దరు అగ్ర హీరోలున్న సినిమాకి అత్తగారి పాత్ర పేరు పెట్టారంటే సూర్యకాంతం గారి మీద ఎంత నమ్మకమో ఆలోచించండి. ఆవిడది ఎడమచేతి వాటం. ఆ ఎడం చేయి విసిరి మాట్లాడుతుంటే ఎదుటివాళ్లు అరడుగు వెనక్కి తగ్గేవాళ్లు. ఆడపిల్లలకి సూర్యకాంతం అన్న పేరు పెట్టడమే మానేశారని మా పెద్దవాళ్లు అనేవారు. మనిషేమో సెట్లో అందరికీ ఇంటి నుంచి వండి తెచ్చిపెట్టే తల్లి.

ఇక మా పని దగ్గరికి వస్తాను.

సజెషన్ అని ఒక మాట మీరు సెట్‌కి వెళ్లిన మొదటిరోజే వింటారు. కెమెరా హీరో ముఖం మీద ఉంటుంది, ఫ్రేమ్ అంచున నా భుజం, కొంచెం చెవి, జడ కనిపిస్తాయి. నా ముఖం కనపడదు. చాలామంది అక్కడ పని లేదనుకుని చూపు ఎటో పెట్టుకుంటారు, మనసులో ఇంటికి కూరగాయలు కొనాలనుకుంటూ నిలబడతారు. నేను మాత్రం సజెషన్‌లోనే ఎక్కువ పని చేస్తాను. ఎందుకో చెప్తాను.

ఒక సినిమాలో హాస్పిటల్ కారిడార్ సీన్. నేను తల్లిని, కొడుకు వచ్చి నాన్న ఇక లేడని చెప్పాలి. హీరోకి సాయంత్రం వేరే పని ఉంది కాబట్టి అతని షాట్లన్నీ ముందు తీసేశారు. అవి తీస్తున్నంతసేపూ నా భుజమే ఫ్రేమ్‌లో ఉంది. అతను వెళ్లిపోయాక లైటింగ్ మార్చి నా క్లోజప్ పెట్టారు. ఎదురుగా ఎవరూ లేరు. కెమెరా పక్కన లైట్ స్టాండ్‌కి తెల్ల టేపు ముక్క అంటించి, లుక్ ఇక్కడ ఇవ్వండి మేడమ్ అన్నాడు అసిస్టెంట్ డైరెక్టర్. హీరో డైలాగులు కూడా అతనే చదువుతున్నాడు, పేపర్ చూసి, ఎక్కడా ఆగకుండా, పాపం ఉదయం నాలుగింటికి లేచిన పిల్లాడు. థర్మోకోల్ షీట్ పట్టుకున్న లైట్‌బాయ్ పక్కవాడితో టిఫిన్ గురించి మాట్లాడుతున్నాడు. అక్కడ నిలబడి నేను ఏడవాలి.

ఆ మధ్యాహ్నం సజెషన్‌లో నేను విన్నాను కదా, అదే కాపాడింది. ఆ అబ్బాయి 'అమ్మా' అన్నాక మిగతా మాట చెప్పకుండా ఒక్కసారి గుటక వేశాడు. స్క్రిప్ట్‌లో లేదది, అతనికి దానంతటదే వచ్చింది. ఆ గొంతు దగ్గర కదలిక నాకు గుర్తుండిపోయింది. టేపు ముక్క వైపు చూస్తూ ఆ గుటక వచ్చే చోటికి నా మనసుని తీసుకెళ్లాను, కన్నీళ్లు వాటంతటవే వచ్చేశాయి, గ్లిజరిన్ అక్కర్లేకపోయింది. థియేటర్లో ఆ క్లోజప్ ఉన్నది మూడు సెకన్లో నాలుగో. కానీ ఆ మూడు సెకన్ల తర్వాత అతను ఏడిస్తే హాలంతా ఏడ్చింది. ముందు అమ్మ విన్నది కాబట్టి.

మీకు నేర్పాల్సింది ఇదేనని నా ఉద్దేశం. మాడ్యులేషన్ అంటే గొంతు హెచ్చుతగ్గులు, డిక్షన్ అంటే ఉచ్చారణ, అవన్నీ మీ సార్లు చెప్తారు. వినడానికి మాత్రం మీరే అలవాటు చేసుకోవాలి, బస్సులో, రేషన్ షాపు దగ్గర, బంధువుల పెళ్లిలో.

మన తెలుగు క్యారెక్టర్ నటుల్లో ఎంతమంది ఉద్యోగాల్లోంచి వచ్చారో చూడండి. కోట శ్రీనివాసరావు గారు స్టేట్ బ్యాంకులో పనిచేశారు. బ్రహ్మానందం గారు అత్తిలిలో తెలుగు లెక్చరర్, ఎమ్మెస్ నారాయణ గారు కూడా లెక్చరరే. జయప్రకాశ్ రెడ్డి గారు బడిపంతులు, ఏవీఎస్ గారు జర్నలిస్టు, కళ్లు చిదంబరం గారు విశాఖ పోర్టులో ఉద్యోగి. మొన్నమొన్న డీజే టిల్లులో తండ్రిగా, తర్వాత బలగంలో చూశారే, మురళీధర్ గౌడ్ గారు, ఆయన విద్యుత్ శాఖలో ఉద్యోగం చేసి వచ్చిన మనిషి. కౌంటర్ ముందు నిలబడి కసురుకునేవాడిని, పరీక్ష ఫీజు కట్టలేక తల గోక్కునే పిల్లాడిని, ఫైలు కదలక తిరుగుతున్న ముసలాయన్ని వీళ్లు ఏళ్ల తరబడి ఎదురుగా కూర్చుని విన్నారు. ఆ విన్నదంతా తర్వాత తెర మీదకి వచ్చింది.

కోట గారి గురించి రెండు మాటలు చెప్పకుండా ముందుకి పోలేను. 2025 జూలైలో ఆయన పోయినరోజు నేను షూటింగ్‌లో ఉన్నాను, లంచ్ బ్రేక్‌లో ఎవరూ సరిగా తినలేదు. మొదటి సినిమా 1978లో, ప్రాణం ఖరీదు. అందరికీ ఆయన పేరు తెలిసేసరికి ప్రతిఘటన రావాలి, 1985. అహ నా పెళ్లంట 1987. అంటే ఏడేళ్లకు పైనే ఓపిక పట్టారు, బ్యాంకు, నాటకం, చిన్న వేషాలు. లక్ష్మీపతి పాత్రలో కోడిని తాడుకి వేలాడదీసి, దాన్ని చూస్తూ వట్టి అన్నం తినే సీన్ మీ అందరికీ తెలుసు. నవ్వుతాం. కానీ ఈసారి ఆ కళ్లు చూడండి, ఆయన అక్కడ కామెడీ చేయడం లేదు. ఆ కోడి మాంసం రుచి నిజంగానే నాలుక మీదకి వస్తోందని నమ్ముతున్నాడు. ఆ నమ్మకానికి నవ్వుతున్నాం మనం.

ఆయనది కృష్ణా జిల్లా కంకిపాడు. ప్రతిఘటనలో మంత్రిగా తెలంగాణ యాస మాట్లాడారు, అచ్చంగా. తెలంగాణ శకుంతల గారు మరాఠీ ఇంటి ఆడపడుచు, ఇంటిపేరులా తెలంగాణ అనే మాటనే తగిలించుకునేంతగా మన మాట నేర్చుకున్నారు. ఇద్దరిదీ చెవితో నేర్చిన విద్యే. అయితే ఇక్కడ ఒక బాధ ఉంది, హైదరాబాద్‌లో కూర్చుని అది చెప్పకపోతే తప్పు. చాలా ఏళ్లపాటు మన సినిమాల్లో తెలంగాణ యాస అంటే గూండాకో, కామెడీకో, పనివాడికో ఇచ్చేవాళ్లు. హీరో మాత్రం ఎక్కడ పుట్టినా ఒకటే భాష మాట్లాడేవాడు. ఈ యాసలో మనిషి ఏడవగలడు, ప్రేమించగలడు, చనిపోయిన తండ్రి కోసం కుమిలిపోగలడు అని తెర మీద చూడటానికి మనకి ఇంతకాలం పట్టింది. బలగం 2023లో వచ్చింది. పెట్టిన పిండం పిట్ట ముట్టట్లేదని ఇంటిల్లిపాదీ ఆకాశం వైపు చూస్తూ నిలబడే ఆ సీన్లలో ఉన్నది మొత్తం క్యారెక్టర్ ఆర్టిస్టులే. తీసిన వేణు యెల్దండి కూడా పక్కవేషాలు, కామెడీ వేషాలు వేసి వచ్చినవాడే. పక్కన నిలబడి అంతకాలం విన్నవాడు కాబట్టి అలా తీయగలిగాడని నేను గట్టిగా నమ్ముతాను.

టీవీ గురించి చాలామంది చిన్నచూపు చూస్తారు. నాకది నచ్చదు. నాకు అన్నం పెట్టింది టీవీ. రామంతాపూర్ దూరదర్శన్‌లో ఆనందో బ్రహ్మతో ధర్మవరపు సుబ్రహ్మణ్యం గారు ఇంటింటికీ తెలిశారు, సినిమాల్లో లెక్చరర్‌గా మీరు చూసింది ఆ తర్వాత. 1995లో జెమిని, ఈటీవీ వచ్చాక మాలాంటివాళ్లకి నెలకి ఇన్ని రోజులు పని అన్న భరోసా మొదటిసారి దొరికింది. సినిమావాళ్లకి అది అర్థం కాదు, ఇంటి అద్దె కట్టేవాళ్లకి అర్థమవుతుంది.

అమృతం సీరియల్ గుర్తుందా? మీరు చిన్నపిల్లలు, యూట్యూబ్‌లో చూసుంటారు. 2001లో మొదలైంది. అందులో అమృతం పాత్రలో ముందు శివాజీ రాజా గారు, తర్వాత నరేష్ గారు, తర్వాత హర్షవర్ధన్ గారు, ముగ్గురు మారారు. హీరో రెండుసార్లు మారినా ఆ సీరియల్ పడిపోలేదు. ఎందుకంటే ఆంజనేయులుగా, అంటే అంజిగా గుండు హనుమంతరావు గారు, ఇంటి ఓనర్ అప్పాజీగా శివన్నారాయణ గారు, సర్వంగా వాసు ఇంటూరి గారు అలాగే ఉన్నారు. కొత్త అమృతం వచ్చి ఏదో పిచ్చి ఐడియా చెప్తే, అంజి పాత అమృతాన్ని చూసినట్టే ఇతన్నీ అదే భయంతో, అదే స్నేహంతో చూశాడు. అంజి నమ్మాడు కాబట్టి మనమూ నమ్మాం. హీరోని హీరోగా నిలబెట్టేది ఎవరని ఎవరైనా అడిగితే నేను ఇదే చెప్తాను.

సీరియల్లో పని కష్టం వేరే రకం. ప్రాంప్టింగ్ ఉంటుంది. అంటే అసిస్టెంట్ పక్కనుంచి డైలాగ్ అందిస్తుంటే మనం అందుకుని చెప్తాం, గొంతు తర్వాత డబ్బింగ్‌లో వస్తుంది. ఒక చెవిలో ప్రాంప్టింగ్, ఇంకో చెవిలో ఎదుటివాళ్ల డైలాగ్, ముఖం మాత్రం ఎదుటివాళ్ల మాటే వింటున్నట్టుండాలి. ఆ తర్వాత ఎక్స్‌ప్రెషన్ కట్స్. ఒక మాట పడగానే ఇంట్లో ఉన్న ఎనిమిదిమంది ముఖాలూ ఒక్కొక్కటిగా తీస్తారు, షాక్, కోపం, ఏడుపు, వరసగా. చూసేవాళ్లకి అతిగా అనిపించొచ్చు. కానీ ఆ ఎనిమిదిమందిలో ఒక్కళ్లు నిజంగా విన్నట్టు ముఖం పెడితే కెమెరా దాన్ని పట్టేస్తుంది, నేను చాలాసార్లు చూశాను. కంటిన్యుటీ కూడా మన బాధ్యతే. నిన్న ఏ చేతికి ఎన్ని గాజులు, బొట్టు ఎంత సైజు, కొంగు ఏ భుజం మీద. కాస్ట్యూమర్ ఫోటో తీసుకుంటాడు, మీరు కూడా తీసుకోండి.

డబ్బు విషయం తొందరగా చెప్పేస్తాను. మాకు రోజుకి ఇంత అని లెక్క, లేకపోతే సినిమా మొత్తానికి ఇంత అని మాట. డేట్స్ ఇచ్చాక షెడ్యూల్ వాయిదా పడితే ఆ రోజులు పోయినట్టే, ఎవరూ ఇవ్వరు. ఒక నిర్మాణ సంస్థ నాకు ఇవ్వాల్సిన సగం ఇంకా ఇవ్వలేదు, పేరు చెప్పను, ఫోన్ చేయడం మానలేదు. రేపు సినిమా రిలీజ్ అనగా ఎడిటింగ్‌లో మన ట్రాక్, అంటే మన సీన్లన్నీ, లేచిపోయిందని తెలుస్తుంది. ఊర్లో చుట్టాలందరికీ చెప్పుకుని ఉంటాం. దానికి మందు లేదు, ఆ రోజు ఏడ్చి పొద్దున మళ్లీ కాల్‌షీట్‌కి వెళ్లడమే.

ఆడవాళ్ల సంగతి వేరే చెప్పాలి. మగవాళ్లకి యాభై దాటాక కూడా హీరో వేషం ఉంటుంది. మాకు ముప్పై ఐదు దాటితే అమ్మ అని రాసేస్తారు. నాకంటే ఎనిమిదేళ్లు చిన్నవాళ్లకి తల్లిగా చేశాను నేను. చేయడానికి నాకేం బాధ లేదు, గుమ్మడి గారు చేయలేదా? బాధల్లా ఆ అమ్మకి ఒక్క పనీ ఇవ్వరు, టిఫిన్ పెట్టడం, హారతి ఇవ్వడం, ఏడవడం. నిర్మలమ్మ గారు బామ్మ వేషాల్లో ఒక్క విసుగుతో, ఒక్క గద్దింపుతో ఇల్లంతా నడిపేవారు. అలా రాసే రచయితలు మళ్లీ రావాలి. మీలో రాసేవాళ్లుంటే వినండి, మీ అమ్మగారు రోజంతా ఏం ఆలోచిస్తారో ముందు అడిగి తర్వాత రాయండి.

ఇంకో మాట. మనవాళ్లలో చాలామందికి సినిమా పేరే ఇంటిపేరు అయింది. సాక్షి రంగారావు గారు, శుభలేఖ సుధాకర్ గారు, ఆహుతి ప్రసాద్ గారు, కళ్లు చిదంబరం గారు, సత్యం రాజేశ్, వెన్నెల కిశోర్. జనం ఇచ్చిన గౌరవం అది, ప్రభుత్వం ఇచ్చే బిరుదు కంటే తక్కువేం కాదు. కానీ 2013 నుంచి రెండేళ్లు మాకు చాలా చెడ్డ కాలం. 2013 నవంబర్‌లో ఏవీఎస్ గారు, డిసెంబర్‌లో ధర్మవరపు గారు. 2014 జూన్‌లో శకుంతల గారు. 2015 జనవరి మొదట్లో ఆహుతి ప్రసాద్ గారు, అదే నెల చివర్లో ఎమ్మెస్ నారాయణ గారు. అక్టోబర్‌లో చిదంబరం గారు, నవంబర్‌లో కొండవలస గారు. ఫిల్మ్ ఛాంబర్ అంటే నివాళికి వెళ్లే చోటే అయిపోయింది అప్పట్లో. ఆ తర్వాత వచ్చిన సినిమాలు గమనించండి, హీరో ఇల్లు ఖాళీగా ఉంటుంది. మేనమామ లేడు, పక్కింటాయన లేడు, కాలేజీ ప్రిన్సిపాల్ లేడు. కొన్ని పాత్రలకి బయటి భాషల నుంచి తెచ్చారు. వాళ్లలో మంచి నటులున్నారు, కాదనను. కానీ భాష రాకుండా పెదాలు కదిపితే ఎదుటివాడి మాట ఎలా వింటారు? కోట గారు ఈ విషయం మీద ఎప్పుడూ గట్టిగానే మాట్లాడేవారు, నేను ఆయన పక్షమే.

సరే, ఎవరైనా ఏమైనా అడగండి. ఆ, నువ్వు చెప్పు నాన్నా.

(ఒక విద్యార్థి: మేడమ్, నేను హీరో అవుదామని వచ్చాను. ముందే ఫ్రెండ్ క్యారెక్టర్లు చేస్తే ముద్ర పడిపోతుందంటున్నారు.)

ఎవరన్నారు? నటుడు ప్రియదర్శి ఉన్నాడు కదా, అతన్ని చూడు. 2016లో పెళ్లిచూపులులో ఫ్రెండే కదా. 2019లో మల్లేశం, 2023లో బలగం, రెండింట్లోనూ అతని మీదే కథ నడిచింది. రావు రమేష్ గారు ఎన్ని ఏళ్లు తండ్రులు, బాబాయిలు వేసి 2024లో టైటిల్ పాత్ర చేశారు. వేషం వస్తే చెయ్యి, దాంట్లో నీకు వినడానికి ఎవరున్నారో చూసుకో. ఒక్క సీన్ ఉన్నా ఫర్వాలేదు.

(ఇంకొకరు: ఆడిషన్లకి ఎలా వెళ్లాలి మేడమ్?)

కృష్ణానగర్‌లో నిలబడి ఎవరో పిలుస్తారని చూడకమ్మా, ఇప్పుడు అంతా ఫోన్లోనే నడుస్తోంది. మేకప్ లేకుండా రెండు ఫోటోలు, ఒకటి ముఖం, ఒకటి నిలువెత్తు. నిమిషం వీడియో ఒకటి, ఏ యాస నీదో ఆ యాసలో. దాంట్లో పెద్ద డైలాగ్ కొట్టకు. మీ ఫ్రెండ్‌ని కెమెరా వెనక నిలబెట్టి ఏదో కష్టం చెప్పమని, నువ్వు వింటున్నది తీయి, చివర్లో ఒక్క మాట మాట్లాడు. కో-డైరెక్టర్లకి అది పంపు. ఛాన్స్ ఇప్పిస్తాం, ఇంత కట్టండి అని ఎవరైనా అంటే ఆ నంబర్ బ్లాక్ చేసి మీ సార్‌కి చెప్పు. ఆడపిల్లలు ఆడిషన్‌కి ఒంటరిగా వెళ్లొద్దు, ఇంట్లో ఒకరిని తీసుకెళ్లండి, దానికి ఎవరైనా ముఖం చిట్లిస్తే అక్కడ్నించే వెనక్కి వచ్చేయండి. ఇంకెవరు? ఆ చివర కూర్చున్న పాప, లేచి నిలబడి అడుగమ్మా.